రూప్‌చంద్ పుట్టింటికి వెళ్లొచ్చాం

మావారికి చేపల చెరువు తప్ప వేరే లోకం తెలీదు. కైకలూరు పక్కన మాకున్న పదకొండెకరాల చెరువే ఆయనకి కాశీ, రామేశ్వరం. అలాంటి మనిషి బ్రెజిల్‌లో ఉన్న అమ్మాయి దగ్గరికి వెళ్దామనగానే సరేనన్నారు. మనవడి మీద బెంగేమో అనుకున్నాను. కాదట. ‘రూప్‌చంద్ పుట్టింది ఆ దేశంలోనేనటే, ఓసారి చూసొద్దాం’ అన్నారు. ‘ఇరవయ్యేళ్లుగా రోజూ చూస్తున్నారుగా’ అంటే, ‘చెరువులో చూశాను, ఏట్లో చూళ్లేదుగా’ అని జవాబు!

రూప్‌చంద్ అంటే మన చేపల మార్కెట్లలో శీలావతి, బొచ్చెల పక్కన ఉంటుందే, వెడల్పుగా, వెండిరంగులో, పొట్ట కింద ఎర్రెర్రగా... అదే. కాస్త దూరం నుంచి చూస్తే సముద్రపు చందువలా కనిపిస్తుంది. బెంగాలీలు చందువని రూప్‌చాందా అంటారు. ఆ పోలికతోనే దీనికీ ఆ పేరొచ్చింది. అసలు ఊరు మాత్రం దక్షిణ అమెరికాలోని అమెజాన్. 2000 తర్వాత బంగ్లాదేశ్ మీదుగా బెంగాల్‌కి, అక్కణ్నుంచి మన కృష్ణా, గోదావరి జిల్లాల చెరువుల్లోకీ వచ్చింది. అమెజాన్‌లో దాన్ని పిరపిటింగా అంటారు. దాని పెద్దన్న లాంటి చేప ఇంకోటుంది, పేరు తంబాకీ. రెంటినీ కలిపి లోకమంతా పాకు అంటుంది.

దీని నోరు తెరిచి చూశారా ఎప్పుడైనా? అచ్చం మనిషి పళ్లు! మొదట్లో మా ఊళ్లో చాలామంది అది పిరానా అని భయపడ్డారు. పిరానాతో చుట్టరికం నిజమే, రెండూ ఒకే కుటుంబం. కానీ ఈ పళ్లు మాంసం పీకడానికి కాదు. మరెందుకో మాకూ తెలీదు, మనౌస్ వెళ్లేదాకా.

అమ్మాయి వాళ్లుండేది సావోపాలోలో. హైదరాబాద్ నుంచి దుబాయ్ మీదుగా వెళ్లాం. దుబాయ్‌లో ఎక్కాక పదిహేను గంటల దాకా దిగేది లేదు. నాలుగు రోజులు మనవడితో ఆడుకున్నాక, అల్లుడికి సెలవు దొరక్కపోతే అమ్మాయే మమ్మల్ని మనౌస్ తీసుకెళ్లింది. మళ్లీ నాలుగ్గంటలు విమానం. చివరి గంటంతా కిటికీలోంచి ఒక్కటే దృశ్యం: ఆకుపచ్చ దుప్పటి, దానిమీద పాము మెలికల్లాంటి నీళ్లు. ఊరన్నది లేదు. మిగతా బ్రెజిల్ నుంచి మనౌస్‌కి మంచి రోడ్డు కూడా లేదట. విమానమో, రోజుల తరబడి పడవో. అంత అడవి మధ్యలో ఇరవై లక్షల మందికి పైగా ఉన్న ఊరు!

ఆ ఊరిని నిలబెట్టింది రబ్బరు. ప్రపంచానికి రబ్బరంతా ఇక్కణ్నుంచే వెళ్లిన రోజుల్లో డబ్బు ఎంత పారిందంటే, 1896లో అడవి నడిబొడ్డున పాలరాతి మెట్లతో, పైన రంగుల గుమ్మటంతో ఓ ఒపేరా హాలు కట్టుకున్నారు. ఇప్పటికీ చెక్కుచెదరలేదు. అయితే 1876లోనే హెన్రీ వికమ్ అనే ఆంగ్లేయుడు 70 వేల రబ్బరు గింజల్ని ఓడకెక్కించి లండన్ పట్టుకుపోయాడు. వాటి మొక్కలే ఆసియాలో తోటలయ్యాక ఇక్కడి వైభవం కూలిపోయింది. గైడు ఈ కథ చెబుతుంటే మావారు ఆవలిస్తూ నిలబడ్డారు. రబ్బరు గింజతో తనకి పనుందని అప్పటికి తెలీదు కదా.

గోడ మీద నీటి గుర్తులు

మర్నాడు పొద్దున్నే రేవుకి వెళ్లాం. అక్కడ ప్లాట్‌ఫారమే నీళ్ల మీద తేలుతుంది. ఎందుకో పక్కనున్న గోడ చూస్తే అర్థమైంది. ఏ సంవత్సరం నీళ్లు ఎంతదాకా వచ్చాయో దానిమీద రాసిపెట్టారు. 1902 నుంచీ ఈ లెక్కలున్నాయట. అన్నిటికన్నా పైన 2021: 30.02 మీటర్లు. అది లోతు కాదు, ఒక గుర్తు నుంచి కొలిచే మట్టం. మామూలు ఏడాదిలోనే నవంబరుకీ జూన్‌కీ మధ్య ఏరు పది మీటర్లు లేస్తుంది. అంటే మూడంతస్తుల మేడ ఎత్తు. మనకి వరదంటే నాలుగు రోజుల గండం. వాళ్లకది నెలల తరబడి ఉండే ఒక కాలం. మనకి ఎండాకాలం, వానాకాలంలా.

అక్కణ్నుంచి నడిచే దూరంలో 1880ల్లో కట్టిన ఇనుప మార్కెట్. లోపలికి అడుగుపెట్టగానే మావారి నడక మారిపోయింది. మనిషంత పిరరుకూ, చారల మాగ చేపలు, గుట్టలుగా జరాకీ. జరాకీ తిన్నవాడు ఈ ఊరొదిలి పోడని అక్కడో సామెత ఉందట. తంబాకీల దగ్గర ఆగిపోయారు. మన రూప్‌చంద్‌కన్నా ముదురు రంగు, పై సగం ఆకుపచ్చ, కింద నలుపు. మొప్ప ఎత్తి చూశారు. పొట్ట నొక్కి చూశారు. ‘ఇది ఏటి చేప కాదే, మేత చేప’ అన్నారు. అమ్మాయి పోర్చుగీసులో అడిగితే అమ్మే అతను నవ్వేశాడు. రొండోనియా రాష్ట్రం చెరువుల నుంచి వచ్చిన సరుకట. ఇప్పుడు మనౌస్ తినే తంబాకీలో చాలా భాగం చెరువుల్లో పెంచిందేనని చెప్పాడు.

‘ఇంత ఏరు పెట్టుకుని చెరువు చేప తినడమేంటి!’ అని మావారు దారంతా గొణుగుతూనే ఉన్నారు.

చెట్ల కొమ్మల్లో పడవ

పడవ మాట్లాడుకుని బయల్దేరాం. నడిపే పెద్దాయనకి డెబ్భై దాటి ఉంటాయి. చిన్నప్పటి నుంచీ చేపలవేటేనట. ముందుగా రెండు నదులు కలిసే చోటికి తీసుకెళ్లాడు. ఒకటి రియో నీగ్రో, పాలు కలపని డికాక్షన్ రంగు. రెండోది సొలిమోయెస్, చిక్కటి టీ రంగు. ఆరు కిలోమీటర్ల దాకా రెండూ కలవకుండా పక్కపక్కనే పారతాయి. ఒకటి వెచ్చగా, నిదానంగా ఉంటుంది. ఇంకోటి చల్లగా, జోరుగా, బురద బరువుతో వస్తుంది. అందుకే అంత తొందరగా కలవవు. చెయ్యి పెట్టి చూస్తే తేడా తెలుస్తుంది. మన అంతర్వేదిలో అన్నాచెల్లెళ్ల గట్టు గుర్తొచ్చింది నాకు.

అక్కణ్నుంచి ఓ పాయలోకి తిరిగాం. కాసేపటికి ఒడ్డు కనిపించడం మానేసింది. చుట్టూ చెట్లే, చెట్ల మొదళ్లు మాత్రం లేవు! పడవ కొమ్మల మధ్య నుంచి వెళ్తోంది. ఇంజన్ ఆపేశాడు పెద్దాయన. మేం కూర్చున్న చోటికి నేల ఎన్నో అడుగుల కింద ఉంది. నవంబర్లో ఇక్కడ నడిచి వెళ్లొచ్చట. తలెత్తితే పక్షులు, తల దించితే చేపలు, మధ్యలో కొమ్మ మీద మేము. వింతగా ఉంది. భయంగా కూడా ఉంది, ఆ మాట ఎవరితోనూ అనలేదు.

నిశ్శబ్దంలో ఎక్కడో ‘డుబుక్’ మంది. పెద్దాయన వేలు చూపించాడు. ఒళ్లంతా ముళ్లున్న ఓ తాటిజాతి చెట్టు, పేరు జవారీ. దాని కాయ నీళ్లలో పడింది. పడిన చోట ఒక్కసారి సుడి తిరిగింది. కాయ మళ్లీ తేలలేదు.

ఇదీ అసలు కథ. వరద అడవిలోకి వచ్చినప్పుడే ఇక్కడి చాలా చెట్లకి కాయలు పండుతాయి. ఏట్లో ఉండే తంబాకీ, పిరపిటింగా ఈదుకుంటూ అడవిలోకి వచ్చి ఆ చెట్ల కింద కాపు కాస్తాయి. రబ్బరు కాయ ఎండకి టప్పున పేలి గింజలు దూరంగా ఎగిరిపడతాయి. ఆ చప్పుడుకి చేప పరిగెత్తుకొస్తుంది. మన ఆముదం గింజకి పెద్దన్నలా మచ్చలతో ఉండే ఆ గట్టి గింజని పటుక్కున కొరికి తింటుంది. మనిషి పళ్లు అందుకన్నమాట! ఈ నాలుగైదు నెలల్లో తిన్న కాయలు, గింజలతోనే ఒంట్లో కొవ్వు పడుతుంది. నీళ్లు తీశాక చేప మళ్లీ ఏటికి వెళ్లిపోతుంది. అక్కడ తిండి తక్కువ. ఈ కొవ్వుతోనే రోజులు నెట్టాలి. మైకేల్ గూల్డింగ్ అనే శాస్త్రవేత్త 1970ల్లో జాలర్లతో కలిసి తిరిగి ఇదంతా చూశాడు. 1980లో చేపలూ అడవీ ఎలా ముడిపడ్డాయో చెబుతూ పుస్తకం రాశాడు. జాలర్లకి ఎప్పటి నుంచో తెలిసిందే లెండి.

పెద్దాయన పడవ అడుగు నుంచి ఓ కర్ర తీశాడు. చివర తాడు, తాడుకి నున్నటి గుండు. దాన్ని గపోంగా అంటారట. గుండుని నీళ్ల మీద కొట్టాడు. డుబుక్. కాసేపాగి మళ్లీ డుబుక్. కాయ పడిందని మోసపోయి చేప వస్తుంది. పక్కనే గాలానికి డబ్బాలో దాచుకున్న రబ్బరు గింజ గుచ్చి ఉంటుంది.

మావారు చెవి ఒగ్గి విన్నారు. తర్వాత నా వైపు తిరిగి చాలా మెల్లిగా అన్నారు: ‘మన చెరువులో మేత చల్లగానే ఆ చప్పుడుకి ఎగబడి వస్తాయే... అది మేం నేర్పామనుకున్నా ఇన్నాళ్లూ.’

ఆయన నోట అంతకన్నా ఎక్కువ మాటలు రావు. మా దగ్గర తెల్లారగానే దోనెలోంచి గుప్పెళ్లతో మేత చల్లుతారు. నీళ్ల మీద చిటపటమని చినుకులు పడ్డట్టుంటుంది. శీలావతి నిదానంగా వస్తుంది. రూప్‌చంద్ మాత్రం ఒక్క ఉదుటున వస్తుంది. ఆ ఉదుటు ఎక్కణ్నుంచి వచ్చిందో ఆ అడవిలో కూర్చుంటే తెలిసింది.

ఇంకో సంగతి కూడా అక్కడే తేలింది. తెల్లవారుజామున చెరువులో ఆక్సిజన్ పడిపోతే మిగతా చేపలు చచ్చి తేలతాయి. రూప్‌చంద్ కింద పెదవి ఉబ్బించుకుని నీటి పైపొరని లాక్కుంటూ బతికేస్తుంది. మొదట్లో ఆ పెదవులు చూసి జబ్బు అనుకుని మందులు కూడా వేశాం. జబ్బు కాదు, ఆకులు కుళ్లి గాలాడని వరద నీళ్లలో బతకడానికి ఒళ్లు నేర్చుకున్న విద్య అది. గంటల్లో పెదవి పెరుగుతుంది, గాలి సరిపోగానే తగ్గిపోతుంది.

పొట్టలో అడవి

ఇంతవరకూ చేప లాభమే చెప్పాను. చెట్టుకేం లాభం? గట్టి గింజల్ని నమిలేస్తుంది, నిజమే. కానీ చిన్న చిన్న గింజలు పళ్ల మధ్య నుంచి జారి నేరుగా పొట్టలోకి పోతాయి. కొన్ని రోజులు అక్కడే ఉంటాయి. ఈలోగా చేప ఎక్కడికో వెళ్తుంది. అక్కడ అవి బయటపడతాయి, నీళ్లు తీశాక మొలకెత్తుతాయి. పక్షులూ కోతులూ చేసే పనే, ఇక్కడ చేప చేస్తోంది. పెరూ దేశంలోని పకాయా సమీరియా అభయారణ్యంలో జిల్ ఆండర్సన్ అనే శాస్త్రవేత్త బృందం ఈ రెండు జాతుల చేపల్ని 230 దాకా పరీక్షించింది. వాటి పొట్టల్లో చెక్కుచెదరని గింజలు దాదాపు 7 లక్షలు దొరికాయి. 22 రకాల చెట్లు, తీగలవి. తంబాకీ ఒక గింజని అయిదున్నర కిలోమీటర్ల దాకా మోసుకెళ్లగలదని 2011లో లెక్కకట్టారు. చేప ఎంత పెద్దదైతే అన్ని ఎక్కువ గింజలు, అంత దూరం.

మెలిక ఇక్కడే ఉంది. తంబాకీ మీటరు పొడవు, 30 కిలోల దాకా పెరుగుతుంది. పెద్దాయన కుర్రాడిగా ఉన్నప్పుడు అలాంటివి ఇద్దరు పట్టి ఎత్తేవాళ్లట. 1970ల్లో మనౌస్ రేవుకొచ్చే చేపల్లో అదే ముందుండేది. ఐసు, నైలాన్ వలలు, ఇంజన్ పడవలు వచ్చాయి. పెద్దవి ముందు పోయాయి. ఇప్పుడు అక్టోబరు 1 నుంచి మార్చి 31 దాకా ఏటి తంబాకీని పట్టకూడదు. మిగతా రోజుల్లో కూడా 55 సెంటీమీటర్లు లేనిదాన్ని వదిలెయ్యాలి. ‘నా మనవలు అంత చేపని ఫొటోలో చూశారు’ అన్నాడాయన. అమ్మాయి ఆ మాటని తెలుగులో చెప్పి కాసేపు ఊరుకుంది.

నీళ్లే మాట తప్పడం ఇంకో బాధ. 2021లో ఊరు మునిగింది కదా, 2024 అక్టోబరులో అదే ఏరు 12.11 మీటర్లకి పడిపోయింది. నూట ఇరవయ్యేళ్ల లెక్కల్లో అదే తక్కువ. అంతకు ముందు ఏడాది కూడా కరవే. తెఫే సరస్సులో నీళ్లు వేడెక్కి 150కి పైగా డాల్ఫిన్లు చచ్చిపోయాయి. వరద ఆలస్యమైతే కాయలు బురదలో పడతాయి, చేప లోపలికి రాలేదు. పెద్దాయన ఇల్లు తేలే ఇల్లు. 2024లో అది మూడు నెలలు మట్టి మీద వాలిపోయి ఉందట.

ఏటి చేప తగ్గడానికి మా లాంటి చెరువులవాళ్లే కారణమా అని మావారు అడిగించారు. పెద్దాయన నవ్వాడు. ‘చెరువు చేప లేకపోతే ఈపాటికి చివరిది కూడా తినేసేవాళ్లు’ అన్నాడు. మావారి మొహంలో కాస్త రక్తం ఆడింది. నేను మాత్రం మా కొల్లేరు గురించి ఆలోచిస్తున్నాను. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి కొల్లేరు నిండినప్పుడు ఎన్ని చెరువుల గట్లు మునిగాయో, ఎన్ని రూప్‌చంద్‌లు బయటికి వెళ్లాయో ఎవరు లెక్కపెట్టారు? 2018 వరదల తర్వాత కేరళ నదుల్లో కూడా ఈ చేప కనిపించింది. అక్కడ అడవిని నాటే చేప, మన సరస్సులో ఏం తింటుందో, ఎవరి తిండి లాక్కుంటుందో. ఆ మాట పడవలో ఎత్తితే మావారితో గొడవే. ఎత్తలేదు.

గంటసేపు గపోంగా కొట్టినా చేప పడలేదు. ఒకసారి తాడు బిగిసి, వదిలేసింది. అంతే.

చింతపండు లేని పులుసు

మధ్యాహ్నం ఓ తేలే హోటల్లో భోజనం. ఎదురుగా గుండ్రటి చాపల్లా పెద్ద పెద్ద విక్టోరియా తామరాకులు. తంబాకీ పక్కటెముకల్ని బొగ్గుల మీద కాల్చి, నిమ్మకాయ పిండి ఇచ్చారు. చేప అంటే ముల్లు తీసుకుని తినడం అలవాటైన నాకు, మటన్ ముక్కలా ఎముక పట్టుకుని తినడం గమ్మత్తుగా అనిపించింది. పక్కన రవ్వలాంటి కర్రపెండలం పొడి, దాన్ని ఫరీన్యా అంటారు. ఓ కుండలో చేప ముక్కలు, బంగాళాదుంపలు, ఉడకబెట్టిన గుడ్లు వేసిన పులుసు. చింతపండు లేదు, కారం నామమాత్రం. నా బ్యాగులో ఉన్న ఆవకాయ సీసా పనికొచ్చింది. పెద్దాయనకి కూడా కాస్త వేశాను. కళ్లనీళ్లు పెట్టుకుని రెండోసారి అడిగాడు!

దిగేముందు మావారు పెద్దాయన డబ్బాలోంచి ఓ రబ్బరు గింజ తీసి జేబులో వేసుకోబోయారు. ‘నాన్నా, గింజలు దేశం దాటించకూడదు. ఎయిర్‌పోర్టులో పట్టుకుంటారు’ అంది అమ్మాయి. ‘ఆయనెవరో డెబ్భై వేలు పట్టుకుపోతే లేంది...’ అని సణుగుతూ గింజని నీళ్లలో వేసేశారు. గైడు చెప్పింది విన్నారన్నమాట!

వెళ్లాలనుకునేవాళ్లకి ఒక మాట. వీసాతో పాటు ఎల్లో ఫీవర్ టీకా తప్పనిసరిగా వేయించుకోండి. ప్రయాణానికి కనీసం పది రోజుల ముందు. ఆ కార్డు లేకుండా బ్రెజిల్ నుంచి తిరిగొస్తే మన విమానాశ్రయంలోనే ఆపి, విడిగా ఉంచేస్తారు. అడవిలో పడవ తిరగాలంటే మే, జూన్ నెలలు. ఇసుక తీరాలు చూడాలంటే అక్టోబరు.

మేం తిరిగొచ్చిన వారానికే మా చెరువులో పట్టుబడి. ఐసు లారీ వచ్చి గట్టు మీద నిలబడింది. కిలో దాటిన చేపలు, ఇంకా గుడ్డు పెట్టే వయసు కూడా రానివి. ఈ జాతి మన చెరువులో తనంతట తాను పిల్లల్ని పెట్టదు కూడా, హేచరీలో ఇంజెక్షన్ ఇస్తేనే. మావారు ఒకదాని పొట్ట కోయించి చూశారు. మేత తప్ప ఏముంటుంది! పది చేపల్ని మాత్రం విడిగా తీయించి, ఇంటి వెనకున్న చిన్న గుంటలో వదిలించారు. పెరగనిస్తే ఎంతవుతాయో చూడాలట. మేత దండగని మా మరిది గోల. ఆ గుంట మీదికి మా మామగారు నాటిన నేరేడు చెట్టు వంగి ఉంటుంది. ఈ ఏటికి కాయలు అయిపోయాయి. వచ్చే జూన్ దాకా ఆగాలి.